రాని సినిమాకు ట్రైలర్

పాత దెయ్యాల సినిమాల ట్రైలర్ల పద్ధతిలో తీసే షార్ట్ ఫిల్మ్ రెండు మూడు నిమిషాలకు మించదు. పాడుబడ్డ బంగళా, కిర్రుమనే తలుపు, లాంతరు పట్టుకుని మెట్లెక్కే అమ్మాయి, కెవ్వుమని ఒక కేక, ఆ కేక ఆగకముందే ఇంకో దృశ్యం. వెనుక నుంచి ఒక బరువైన గొంతు గుండెజబ్బు ఉన్నవాళ్లను రావద్దని హెచ్చరిస్తుంది. నెత్తురు కారుతున్న అక్షరాల్లో సినిమా పేరు పడుతుంది. కింద ‘త్వరలో’ అని ఉంటుంది. ఆ సినిమా ఎప్పటికీ రాదు. దానికి స్క్రిప్టు లేదు, నిర్మాత లేడు, ఉన్నదల్లా ఆ ట్రైలరే. ఇంగ్లీషువాళ్లు ఫేక్ ట్రైలర్ అంటారు. తెలుగులో ఉత్తుత్తి ట్రైలర్ అంటే సరిపోతుంది.

ఉత్తుత్తి అన్నంత మాత్రాన ఇది వెక్కిరింత అనుకోకూడదు. ఈ రకం చిత్రాలు తీసేవారిలో ఎక్కువమంది ఆ పాత సినిమాలను ప్రాణంగా చూసినవాళ్లే. సినిమా ఎలా ఉన్నా ట్రైలర్ మాత్రం ఒళ్లు జలదరింపజేసిందని వాళ్లకు గుర్తు. ఆ జలదరింపును మళ్లీ పుట్టించాలన్నదే వాళ్ల ప్రయత్నం.

ట్రైలర్ అన్న మాటకు వెనకాలే వచ్చేది అని అర్థం. మొదట్లో ఈ ముక్కను అసలు సినిమా అయిపోయాక చూపించేవారు, అందుకే ఆ పేరు. అమెరికాలో లోయీ థియేటర్ల ప్రచారం చూసే నిల్స్ గ్రాన్లండ్ 1913లో ‘ది ప్లెజర్ సీకర్స్’ అనే రంగస్థల ప్రదర్శన కోసం చేయించిన చిన్న చిత్రాన్ని తొలి ట్రైలర్‌గా చెబుతారు. సినిమా అయిపోగానే జనం లేచి వెళ్లిపోతున్నారని తర్వాత ట్రైలర్‌ను సినిమాకు ముందుకు జరిపారు. పేరు మాత్రం అలాగే ఉండిపోయింది. 1919లో ఏర్పడిన నేషనల్ స్క్రీన్ సర్వీస్ అనే సంస్థ కొన్ని దశాబ్దాలపాటు హాలీవుడ్ స్టూడియోలకు ట్రైలర్లు తయారుచేసి ఇచ్చింది.

పెద్ద స్టూడియోకు ట్రైలర్‌లో చూపించడానికి తారలుంటారు, సెట్టింగులుంటాయి. చవకలో తీసిన భయానక చిత్రానికి ఇవేవీ ఉండవు. చూపించడానికి ఏమీ లేనప్పుడు ఊరించాలి. 1950ల నుంచి 1970ల దాకా అమెరికాలో డ్రైవిన్ థియేటర్లకూ చిన్న ఊళ్లకూ సినిమాలు అందించిన అమెరికన్ ఇంటర్నేషనల్ పిక్చర్స్ ఈ విద్యలో ఆరితేరింది. జేమ్స్ నికల్సన్, శామ్యూల్ ఆర్కాఫ్ నడిపిన ఆ సంస్థలో చాలాసార్లు ముందు పేరు పుట్టేది, తర్వాత పోస్టర్ గీసేవారు, పోస్టర్ చూసి థియేటర్లవాళ్లు ఉత్సాహపడితే అప్పుడు సినిమా తీసేవారు. ఆ సంస్థకు ఎన్నో చిత్రాలు తీసిపెట్టిన రోజర్ కార్మన్ 1960లో ‘ది లిటిల్ షాప్ ఆఫ్ హారర్స్’ ప్రధాన షూటింగును రెండు రోజుల్లో ముగించారు. ఆయన 1970లో సొంతంగా పెట్టిన న్యూ వరల్డ్ పిక్చర్స్‌లో ట్రైలర్లు కత్తిరించే ఉద్యోగంతోనే దర్శకుడు జో డాంటే సినిమాల్లోకి వచ్చారు. ట్రైలర్ చప్పగా ఉందనిపిస్తే వేరే సినిమాలోంచి హెలికాప్టర్ పేలిపోయే షాట్ తెచ్చి మధ్యలో అతికించేవారు. అసలు సినిమాలో హెలికాప్టర్ ఉందా లేదా అన్న పట్టింపు లేదు. ఉత్తుత్తి ట్రైలర్‌కు విత్తనం ఇక్కడే పడింది. సినిమాలో లేనిది ట్రైలర్‌లో ఉండొచ్చని ఒప్పుకున్నాక, సినిమాయే లేకుండా ట్రైలర్ ఉండడానికి ఇక ఒక్క అడుగే దూరం.

ఊరించడంలో దర్శకుడు విలియం క్యాజిల్‌ను మించినవారు లేరు. 1958లో ‘మెకాబర్’ విడుదలైనప్పుడు, సినిమా చూస్తూ భయంతో చనిపోతే వెయ్యి డాలర్లు ఇచ్చేలా ప్రేక్షకులందరికీ లాయిడ్స్ ఆఫ్ లండన్ ద్వారా బీమా చేయించారు. మరుసటి ఏడాది ‘హౌస్ ఆన్ హాంటెడ్ హిల్’ ఆడుతుండగా హాల్లో ప్రేక్షకుల తలల మీదుగా తీగపై అస్థిపంజరాన్ని నడిపించారు. అదే ఏడాది ‘ది టింగ్లర్’ కోసం కొన్ని సీట్ల కింద చిన్న మోటార్లు బిగించి, సరైన క్షణంలో సీటు వణికేలా చేశారు. ఇవన్నీ ట్రైలర్‌లో ముందే చెప్పేవారు. క్యాజిల్ స్వయంగా తెర మీదికి వచ్చి, పెద్దమనిషి తరహాలో జాగ్రత్తలు చెప్పి వెళ్లేవారు. ఆయన సందడి చూశాకే ఆల్ఫ్రెడ్ హిచ్‌కాక్ కూడా 1960లో ‘సైకో’కు ఆరు నిమిషాలు దాటిన ట్రైలర్ చేశారని చాలామంది విమర్శకుల అభిప్రాయం. అందులో హిచ్‌కాక్ ఖాళీ ఇంట్లో తిరుగుతూ, ఇక్కడ ఏం జరిగిందంటే అని మొదలుపెట్టి మధ్యలో మానేస్తూ, చివరికి స్నానాల గది పరదా దగ్గరకు తీసుకెళతారు. సినిమాలోని దృశ్యాలతో పనిలేకుండా ఒక మనిషీ ఒక ఇల్లూ చాలునని ఆ ట్రైలర్ చూపింది. డబ్బు లేని కుర్రాళ్లకు ఇంతకంటే పనికొచ్చే పాఠం ఇంకోటి లేదు.

క్యాజిల్ పద్ధతికి తెలుగువాళ్లలో దగ్గరి వారసుడు సికింద్రాబాద్ సెయింట్ మేరీస్ హైస్కూల్లో చదువుకున్న రామ్‌గోపాల్ వర్మ. విజయవాడలో ఇంజనీరింగ్ చదివి, హైదరాబాద్ అమీర్‌పేటలో వీడియో క్యాసెట్ల దుకాణం నడిపి, 1989లో ‘శివ’తో దర్శకుడైన ఆయన 1992లో ‘రాత్రి’ తీశారు. తెలుగులోనూ హిందీలోనూ వచ్చిన ఆ సినిమాలో రేవతి కథానాయిక. తర్వాత దర్శకుడైన తేజ దానికి ఛాయాగ్రాహకుడు. సంగీత దర్శకుడిగా పేరు తెచ్చుకున్న మణిశర్మ తొలిసారి నేపథ్య సంగీతం ఇచ్చింది కూడా దానికే. 1996లో జె.డి.చక్రవర్తి, మహేశ్వరి, జయసుధలతో ‘దెయ్యం’ వచ్చింది. 2008లో హిందీలో ‘ఫూంక్’ విడుదలయ్యే ముందు, థియేటర్లో ఒంటరిగా కూర్చుని ఈ సినిమాను చివరిదాకా చూడగలిగినవారికి 5 లక్షల రూపాయలు ఇస్తానని వర్మ ప్రకటించారు. క్యాజిల్ చేయించిన బీమాకూ ఈ బహుమతికీ మధ్య 50 ఏళ్లు గడిచాయి, ఎత్తు మాత్రం ఒక్కటే. సినిమా తెర మీద పడకముందే భయం ప్రేక్షకుడి మనసులో మొదలైపోవాలి.

అయితే తెలుగునేల మీద ఊరింపు విద్యకు అమెరికా గురువు అక్కర్లేదు. పాత సినిమాల పాటల పుస్తకాలు చూసినవారికి ఈ సంగతి తెలుసు. ఆ పల్చటి పుస్తకంలో కథాసంగ్రహం అని ఒక పేజీ ఉండేది. కథ మంచి పట్టులో ఉండగా ఆగిపోయేది. మిగతాది వెండితెర మీద చూడమని రాసేవారు. మాటల్లో ట్రైలర్ అంటే అదే. దానికి తోడు రిక్షాకు రెండువైపులా బోర్డులు కట్టి, మైకులో ‘నేడే విడుదల’ అని అరుస్తూ రంగురంగుల కరపత్రాలు విసురుకుంటూ పోయే ప్రచారం. వివిధభారతిలో పావుగంటసేపు సాగే సినిమా ప్రకటన కార్యక్రమాలు ఇంకో దారి. బొమ్మ లేకుండా కేకలూ అడుగుల చప్పుళ్లూ సంగీతమూ మాత్రమే వినిపించే ఆ కార్యక్రమం భయానక చిత్రానికి అతికినట్టు సరిపోయేది. రేడియో ముందు కూర్చున్న పిల్లవాడు దెయ్యం ముఖాన్ని తనే ఊహించుకునేవాడు, ఆ ముఖం ఏ మేకప్‌మన్ చేసినదానికన్నా భయంకరంగా ఉండేది.

చవకలో దెయ్యాలను చూపడంలో తెలుగువారి పెద్దదిక్కు బి.విఠలాచార్య. ఉడిపి ప్రాంతంలో 1920లో పుట్టిన ఆయన తెలుగులో జానపద బ్రహ్మ అనిపించుకున్నారు. తక్కువ ఖర్చుతో, తక్కువ రోజుల్లో, ఒకే కోట సెట్టింగును పదిరకాలుగా తిప్పి సినిమా పూర్తిచేయడం ఆయన పద్ధతి. పారితోషికం దగ్గర పేచీ పెట్టిన నటుణ్ని కథలో చిలుకగానో మేకగానో మార్చేసేవారని సినిమావాళ్లు ఇప్పటికీ చెప్పుకుంటారు. 1978 నాటి ‘జగన్మోహిని’లో దెయ్యం కోడలు కట్టెలకు బదులు తన కాళ్లనే పొయ్యిలో పెట్టి వంట చేస్తుంది. ఈ ఒక్క దృశ్యం తెలియని తెలుగు ప్రేక్షకుడు అరుదు. ఒక పొయ్యి, రెండు కొయ్య కాళ్లు, కెమెరాను సరైన చోట పెట్టడం తెలిసిన మనిషి, అంతే దాని ఖర్చు. పాత దెయ్యాల సినిమాలకు నివాళిగా షార్ట్ ఫిల్మ్ తీయబోయే తెలుగు కుర్రాడు హాలీవుడ్ శ్మశానాల కంటే ముందు ఈ పొయ్యి దగ్గర కూర్చోవాలి.

హిందీలో ఈ పని రామ్సే సోదరులు చేశారు. ఉర్దూ, హిందీ ధారాళంగా నడిచే హైదరాబాద్, సికింద్రాబాద్ జంటనగరాలకు వాళ్ల సినిమాలు కొత్త కాదు. ఎఫ్.యు.రామ్సే ఏడుగురు కొడుకుల్లో ఒకరు కెమెరా, ఒకరు శబ్దం, ఒకరు ఎడిటింగ్, ఒకరు రచన, ఇద్దరు దర్శకత్వం చూసుకునేవారు. 1972లో ‘దో గజ్ జమీన్ కే నీచే’తో మొదలుపెట్టి, 1984లో ‘పురానా మందిర్’తో శిఖరానికి చేరారు. ‘వీరానా’ 1988లో వచ్చింది. నీలం వెలుతురు, పొగమంచు, ఉరుముకూ ఉరుముకూ మధ్య మెరిసే కోరలు. ఇవాళ మన దేశంలో పాత భయానక ట్రైలర్ అనగానే చాలామంది కళ్లకు కట్టేది ఇదే.

వర్మ చదువుకున్న సికింద్రాబాద్‌కు ఈ కథలో ఇంకో వాటా ఉంది, అది అచ్చులో దొరుకుతుంది. సరోజినీదేవి రోడ్డు నుంచి వెలువడిన ఆంధ్రభూమి వారపత్రికలో యండమూరి వీరేంద్రనాథ్ ‘తులసిదళం’ సీరియల్‌గా వచ్చింది. చేతబడి, పసిపాప ప్రాణం మీద రోజుల లెక్క. వారం వారం ఒళ్లు గగుర్పొడిచే చోట ఆపేసి, ‘సశేషం’ అని పెట్టేవారు. ఆ ‘సశేషం’ కూడా ఒక ‘త్వరలో’. ఈ నవల మూఢనమ్మకాలను పెంచుతోందని రచయిత్రి రంగనాయకమ్మ ‘తులసిదళం కాదు గంజాయి దమ్ము’ అని పుస్తకమే రాశారు. బాణామతి పేరుతో మనుషుల్ని కొట్టి చంపిన సంఘటనలు నిజంగా జరిగిన నేల కాబట్టి ఆ అభ్యంతరాన్ని తేలిగ్గా తీసేయడానికి వీల్లేదు. చేతబడిని కథావస్తువుగా తీసుకునే షార్ట్ ఫిల్మ్ దర్శకుడు ఇవాళ కూడా ఆలోచించాల్సిన విషయమే అది. తులసిదళానికి కొనసాగింపు అయిన ‘తులసి’ ఆధారంగా 1986లో రాజేంద్రప్రసాద్, భానుప్రియలతో ‘కాష్మోరా’ సినిమా వచ్చింది.

ఈ పాత ట్రైలర్ల తీరును ఏరి, కడిగి, ఒక ప్రత్యేక కళగా ప్రపంచం ముందు పెట్టింది మాత్రం 2007 ఏప్రిల్‌లో వచ్చిన ‘గ్రైండ్‌హౌస్’. రాబర్ట్ రోడ్రిగెజ్, క్వెంటిన్ టరంటినో చెరొక సినిమా తీసి, రెంటినీ ఒకే టికెట్టు మీద మూడు గంటలు దాటిన ఆటగా విడుదల చేశారు. అమెరికా పట్టణాల్లో చవక సినిమాలను వరసగా ఆడించే హాళ్లను గ్రైండ్‌హౌస్‌లు అనేవారు. అరిగిపోయిన ప్రింట్లు, మధ్యలో మాయమైన రీళ్లు, పొగ కంపు. మన పట్టణాల్లో సగం ధరకు పాత సినిమాలాడే మార్నింగ్ షోలు గుర్తున్నవారికి ఆ వాతావరణం వేరే వివరించనక్కర్లేదు. ఆ రెండు సినిమాల ముందూ మధ్యా ఉత్తుత్తి ట్రైలర్లు పెట్టారు. రోడ్రిగెజ్ ‘మచేటే’, రాబ్ జాంబీ ‘వేర్‌వుల్ఫ్ విమెన్ ఆఫ్ ది ఎస్ఎస్’, ఎలై రాత్ ‘థాంక్స్ గివింగ్’, ఎడ్గర్ రైట్ ‘డోంట్’. ‘గ్రైండ్‌హౌస్’ పెట్టిన డబ్బు రాబట్టలేక చతికిలబడింది. జనం నాలుకల మీద నిలిచింది ఆ ట్రైలర్లే.

వాటిలో ‘డోంట్’ను విడిగా చెప్పుకోవాలి. 1970లలో అమెరికా పంపిణీదారులు బ్రిటన్‌లోనూ ఐరోపాలోనూ తీసిన భయానక చిత్రాలను కొని, పేరు మార్చి తమ దేశంలో ఆడించేవారు. పాత్రలు నోరు విప్పితే పరాయి యాస బయటపడుతుంది. జనం పరాయి సినిమా అని రాకుండా పోతారేమోనని భయం. అందుకని ట్రైలర్‌లో ఒక్క పాత్ర చేత కూడా మాట్లాడించేవారు కాదు. కేకలు, గాలి చప్పుడు, వ్యాఖ్యాత గొంతు, అంతే. ఈ మౌనాన్ని రైట్ పట్టుకున్నారు. ఒకటిన్నర నిమిషం పాటు ఎవరూ మాట్లాడరు. ఒక పాత ఇల్లు, లోపలికి వెళ్లే జంట, తలుపు, నేలమాళిగ. ప్రతి దృశ్యానికీ వ్యాఖ్యాత ఆ పని చేయవద్దని హెచ్చరిస్తాడు. హెచ్చరికలు దగ్గరవుతూ, వేగం పెరుగుతూ, చివరికి ఆ ఒక్క మాటే మిగిలి సినిమా పేరవుతుంది. ఆనాటి లెన్సులనూ ఆనాటి లైటింగు తీరునూ వాడారు. ఫిల్మ్ కొత్తగా మెరవకుండా స్టీలు పీచుతో గీకారు, కార్లు నిలిపే చోట నేల మీద ఈడ్చారు. చూసినవాడు నవ్వుతాడు, నవ్వుతూనే ఆ నేలమాళిగ తలుపు వంక కళ్లార్పకుండా చూస్తాడు. నవ్వూ భయమూ ఒకేసారి కలిగించడం మామూలు విద్య కాదు.

ఇదే తెలుగులో చేయాలంటే మాటను మాటగా మారిస్తే కుదరదు. ఇంగ్లీషులో వద్దు అన్న భావం వాక్యం మొదట్లోనే వస్తుంది, ఆ తర్వాత ఏ ముక్కైనా కోసేయవచ్చు. తెలుగులో అది క్రియ చివర ఉంటుంది. ‘ఆ తలుపు తెర...’ దాకా విన్న ప్రేక్షకుడికి తెరవమంటున్నాడో తెరవకంటున్నాడో తెలియదు. ఆఖరి అక్షరం దాకా ఊపిరి బిగబట్టుకోవాల్సిందే. తెలుగు వ్యాఖ్యాత అదును చూసి ఆ చివరి ‘కు’ను ఆపగలిగితే, ఇంగ్లీషు ట్రైలర్‌కు లేని పట్టు ఈ ట్రైలర్‌కు చిక్కుతుంది.

‘గ్రైండ్‌హౌస్’ విడుదలకు ముందు అమెరికాలోని సౌత్ బై సౌత్‌వెస్ట్ ఉత్సవం సందర్భంగా ఉత్తుత్తి ట్రైలర్ల పోటీ పెట్టారు. కెనడాలోని నోవా స్కోషియాకు చెందిన జేసన్ ఐజెనర్ బృందం సుమారు 150 డాలర్లతో తీసిన ‘హోబో విత్ ఎ షాట్‌గన్’ గెలిచింది. కెనడా ప్రింట్లలో దాన్ని కూడా కలిపి ఆడించారు. ఆ తర్వాత జరిగింది ఎవరూ ఊహించనిది. రాని సినిమాలు రావడం మొదలైంది. 2010లో ‘మచేటే’ పూర్తి సినిమా అయింది. 2011లో రట్గర్ హవర్ ముఖ్యపాత్రలో ‘హోబో’ వచ్చింది. ‘గ్రైండ్‌హౌస్’ వచ్చిన 16 ఏళ్లకు, 2023లో ఎలై రాత్ ‘థాంక్స్ గివింగ్’ కూడా తీసేశారు. పూర్తి సినిమాల్లో మంచివి లేకపోలేదు గాని, రెండు నిమిషాల్లో ఉన్న చిక్కదనం గంటన్నరలో పల్చబడడం చూసినవారికి తెలుస్తూనే ఉంటుంది.

చిన్న ముక్క చూపించి పెద్ద సినిమాకు డబ్బు అడగడం దీనికి ముందూ ఉంది. 1978లో శామ్ రైమీ, బ్రూస్ క్యాంప్‌బెల్ తదితర మిత్రులు సుమారు 1,600 డాలర్లతో ‘వితిన్ ద వుడ్స్’ అనే అరగంట చిత్రం తీసి, డాక్టర్లకూ వ్యాపారులకూ చూపించి పెట్టుబడి సంపాదించారు. ఆ డబ్బుతో తయారైందే ‘ఈవిల్ డెడ్’. తెలుగులోనూ 2010 తర్వాత యూట్యూబ్ షార్ట్ ఫిల్ములు ఇలాంటి నిచ్చెనే అయ్యాయి. సుజీత్, తరుణ్ భాస్కర్ వంటి దర్శకులు ఆ మెట్లమీదుగానే వచ్చారు. ఎక్కువమంది ప్రేమకథనో హాస్యాన్నో ఎంచుకున్నారు. భయానకం తీసినవారు కూడా చిన్న కథ చెప్పి చివర్లో ఒక మెలిక పెట్టే దారినే పోయారు. పాత ట్రైలర్ల తీరులో తీయడానికి తెలుగులో సరుకు ఇంత ఉండగా, ఆ పని చేయాల్సినంతగా జరగలేదనే చెప్పాలి.

చేయాలనుకునేవారికి మొదట ఎదురయ్యేది పాతదనం సమస్య. కంప్యూటర్లో తయారుగా దొరికే తెల్ల గీతలను బొమ్మ మీద పరిచేస్తే పాతదైపోతుందనుకుంటారు. నిజమైన ప్రింటు అలా పాడవదు. రంగుల ప్రింటులో రసాయనపు పొరలు ఒకదాని మీద ఒకటి ఉంటాయి. పై పొర మాత్రమే గీసుకుపోతే గీత ఆకుపచ్చగా కనిపిస్తుంది, ఇంకాస్త లోతుకు దిగితే పసుపు, అన్నీ పోతేనే తెలుపు. వెనుకవైపు గీసుకుంటే నల్లగా పడుతుంది. ఏళ్ల తరబడి డబ్బాలో పడి ఉన్న ఈస్ట్‌మన్ కలర్ ప్రింటులో నీలిమ ముందు వెలిసిపోయి బొమ్మంతా గులాబీ రంగుకు తిరుగుతుంది. పచ్చటి పొలం కూడా ఎండిన నెత్తురు రంగులో కనిపిస్తుంది. ఇంకో పొరపాటు కూడా తరచుగా చేస్తారు. రీలు మార్చమని ఆపరేటరుకు సైగచేసే గుండ్రటి చుక్కను కుడిమూల పైన పెడతారు. 35 ఎంఎం ఫిల్మ్ నిమిషానికి 90 అడుగులు నడుస్తుంది. మూడు నిమిషాల ట్రైలర్ 270 అడుగులే, రీలు మార్చే అవసరమే రాదు. కాబట్టి ఆ చుక్క సినిమాలో ఉండాలి గాని ట్రైలర్‌లో ఉండకూడదు. మన ట్రైలర్‌లో తప్పనిసరిగా ఉండాల్సింది వేరే ఉంది. తెర మీద ముందు పడే సెన్సారు సర్టిఫికెట్. మన దేశంలో హాల్లో ఆడించే ట్రైలర్‌కు కూడా విడిగా సర్టిఫికెట్ ఉండాలి. వణుకుతూ నిలిచే ఆ కాగితం మీద పెద్ద ‘ఎ’ అక్షరం కనిపిస్తే హాలంతా సర్దుకుని కూర్చునేది. అసలు సర్టిఫికెట్‌ను నకలు చేయడం నేరం కాబట్టి, అలాంటి చట్రంలో వేరే మాటలతో ఒక పలక గీయించుకోవడం మేలు.

గొంతు సంగతి ఇంకా ముఖ్యం. హాలీవుడ్ వ్యాఖ్యాతలను అనుకరించే తెలుగు గొంతు ఎంత బాగున్నా పరాయిగానే ఉంటుంది. రిక్షా మైకులో వినిపించిన గొంతుకు సొంత నడక ఉంది. మాట చివర సాగదీయడం, థియేటర్ పేరు దగ్గర ఒక పట్టు, ‘రోజూ నాలుగు ఆటలు’ అన్నప్పుడు వచ్చే దరువు. పిల్లలు, గర్భిణులు, గుండెజబ్బు ఉన్నవారు చూడరాదన్న హెచ్చరికను ఆ దరువులో చెబితే చాలు, కాలం నలభై ఏళ్లు వెనక్కి పోతుంది. గొంతును శుభ్రంగా రికార్డు చేసి, దాన్ని ఒక పాత హారన్ స్పీకర్లో వినిపించి, దూరం నుంచి మళ్లీ రికార్డు చేసుకుంటే సరైన రొద వస్తుంది.

ఇక అక్షరాలు. నెత్తురు కారే అక్షరం ఇంగ్లీషులో సులువు. కింద సమంగా ఉంటుంది, ఎక్కడినుంచైనా చుక్క జారవిడవచ్చు. తెలుగు అక్షరం అడుగు గుండ్రం, దాని కింది చోటు వత్తులది. ‘రాత్రి’, ‘దెయ్యం’, ‘కాష్మోరా’ పేర్లు రాసి చూస్తే నెత్తురు కారాల్సిన చోట వత్తు కూర్చుని ఉంటుంది. పైగా ద కింద ఒక చుక్క నిలువుగా జారిందంటే అది ధ అయిపోతుంది. చ ఛ అవుతుంది, డ ఢ అవుతుంది. ఈ చిక్కును మన ప్రచార చిత్రకారులు చేత్తోనే విప్పారు. నెత్తుటిని తలకట్టు కొస నుంచో, వత్తు తోక చివరి నుంచో జారనిచ్చారు. ఒక్కోసారి అక్షరాన్నే ఎముకల్లా విరిచారు. బాపు ‘సాక్షి’తో మొదలుపెట్టి కొన్ని దశాబ్దాలు పోస్టర్లు గీసిన ఈశ్వర్ ‘సినిమా పోస్టర్’ అనే పుస్తకం కూడా రాశారు. టైటిల్ అక్షరాల మీద మనసున్నవారు వెతికి చదవదగ్గ పుస్తకం అది. కంప్యూటర్ ఫాంటు ఎంచుకుని సరిపెట్టుకునే చోట, ఒక చిత్రకారుడి చేత కుంచెతో పేరు రాయించుకుంటే సగం పాతదనం దానంతటదే వస్తుంది.

లొకేషన్ల విషయంలో సికింద్రాబాద్ కుర్రాళ్లకు దొరికినంత అదృష్టం తక్కువమందికి దొరుకుతుంది. 1806లో ఏర్పడిన కంటోన్మెంటు వదిలిపెట్టిన కట్టడాలు ఇంకా ఉన్నాయి. తిరుమలగిరిలో ఇంగ్లండు కోటను తలపించే బురుజులతో కట్టిన 19వ శతాబ్దపు సైనిక జైలు, బొల్లారంలో 1847 నాటి హోలీ ట్రినిటీ చర్చి, మారేడుపల్లి సందుల్లో మిగిలిన పెంకుటిళ్లు, వరండా స్తంభాలకు పాకిన తీగలు. సైన్యం అధీనంలో ఉన్నచోట అనుమతి లేకుండా కెమెరా తీయకూడదు. కానీ గేటు బయటి రోడ్డు మీద, తెల్లవారుజామున, మర్రి ఊడల వెనుక బురుజు అంచు కనిపించేలా తీసిన ఒక్క షాట్ చాలు. దర్శకుడు శ్యాం బెనెగల్ పెరిగింది ఈ తిరుమలగిరి పరిసరాల్లోనే. ఫొటోగ్రాఫరైన తండ్రి కెమెరాతో ఆయన పన్నెండో ఏట తొలి చిత్రం తీశారు.

ఈ ట్రైలర్లను చూపించాల్సిన హాళ్లు మాత్రం పోయాయి. ఒకప్పుడు ఇంగ్లీషు సినిమాలకు పెట్టింది పేరైన సంగీత్ థియేటర్‌ను కూల్చేసి చాలా ఏళ్లయింది. అయినా బస్సు కండక్టరు ఇప్పటికీ సంగీత్ చౌరస్తా అనే పిలుస్తాడు. ప్యారడైజ్ టాకీస్ పోయి, దాన్ని ఆనుకుని మొదలైన హోటల్ బిర్యానీతో ఆ పేరు నిలబెట్టింది. కాబట్టి ఉత్తుత్తి ట్రైలర్ చివర పడాల్సిన పలక విషయంలో సికింద్రాబాద్ దర్శకుడికి పెద్దగా వెతుకులాట ఉండదు. నెత్తుటి అక్షరాల్లో పేరు, దాని కింద ‘త్వరలో’, ఇంకా కింద చిన్న అక్షరాల్లో ‘మీ అభిమాన సంగీత్ థియేటర్లో, రోజూ నాలుగు ఆటలు’. వెంటనే రీలు తోక తెగిన చప్పుడు, తెర మీద ఖాళీ తెలుపు.